గుసగుసల రాజ్యం

అధికారం మనిషిని పాడుచేస్తుందనీ, హద్దుల్లేని అధికారమైతే పూర్తిగా పాడుచేస్తుందనీ 1887లో లార్డ్ ఆక్టన్, తర్వాత బిషప్ అయిన ఒకాయనకి ఉత్తరం రాశాడు. అప్పట్నుంచీ నియంతల కథ ఏది వచ్చినా ఆ మాటే దాని మీద లేబుల్‌లా అతికించడం అలవాటైపోయింది. షేక్‌స్పియర్ 'మాక్‌బెత్'కీ ఆ లేబుల్ ఎప్పుడో పడింది. డిగ్రీలో ఇంగ్లీష్ లిటరేచర్ చదివినవాళ్ళెవర్ని అడిగినా 'అధికార దాహం, పతనం' అని రెండు ముక్కల్లో తేల్చేస్తారు.

ట్రెవర్ నన్ దర్శకత్వంలో రాయల్ షేక్‌స్పియర్ కంపెనీ వేసిన 'మాక్‌బెత్' టీవీ రూపం (1979) చూశాక ఆ లేబుల్ సరిపోదని నాకు గట్టిగా అనిపించింది. ఇందులో మాక్‌బెత్ అధికారం దక్కాక చెడిపోయిన మనిషిలా కనపడడు. చెయ్యబోయేది ఎంత చెడ్డదో అతనికి సింహాసనం ఎక్కకముందే అణువణువూ తెలుసు. అధికారం చేసే అసలు నష్టం వేరేచోట, అతని చుట్టూ ఉన్నవాళ్ళలో, కనిపిస్తుంది. నలభై ఏళ్ళు దాటిన ఈ నాటకం గురించి ఇవాళ రాయాలనిపించింది ఆ చుట్టూ ఉన్నవాళ్ళ కోసమే.

ముందు దీని పుట్టుక గురించి కొంచెం చెప్పాలి. నన్ 1974లో ఇదే నాటకాన్ని పెద్ద స్టేజి మీద, నికోల్ విలియమ్సన్, హెలెన్ మిరెన్‌లతో వేశాడు. రెండేళ్ళ తర్వాత, 1976లో, స్ట్రాట్‌ఫర్డ్‌లోని 'ది అదర్ ప్లేస్' అనే చిన్న థియేటర్లో మళ్ళీ మొదలుపెట్టాడు. పేరుకి థియేటరే గానీ అదొక రేకుల షెడ్డు. మాక్‌బెత్‌గా ఇయన్ మెకెల్లెన్, లేడీ మాక్‌బెత్‌గా జూడీ డెంచ్. సెట్టింగ్ అంటూ ఏమీ లేదు. నేల మీద ఒక వలయం, దాని చుట్టూ కూర్చోడానికి పెట్టెలు, అంతే. తమ సీను లేనప్పుడు నటులు తెర వెనక్కి వెళ్ళిపోరు, ఆ వలయం అంచునే కూర్చుని మిగతావాళ్ళని చూస్తుంటారు. దీన్నే తర్వాత థేమ్స్ టెలివిజన్ స్టూడియోలో, ఫిలిప్ కాసన్ టీవీ దర్శకత్వంలో చిత్రీకరించారు. నిడివి దాదాపు రెండున్నర గంటలు.

నాటకాల్ని టీవీకి ఎక్కించినప్పుడు సాధారణంగా రెండు రకాలుగా చెడగొడతారు. హాల్లో వెనకెక్కడో కెమెరా పెట్టేసి తీస్తే బొమ్మల కొలువు చూస్తున్నట్టుంటుంది. లేకపోతే కోటలూ గుర్రాలూ తెచ్చి సినిమా చేసేస్తారు. కాసన్ రెండూ చెయ్యలేదు. వెనకంతా నలుపు, ముందు మొహాలు. మొదట్లో పైనుంచి వలయం కనపడుతుంది, తర్వాత కెమెరా దానిలోపలికి దిగిపోతుంది. అక్కణ్ణుంచి గది ఎంత పెద్దదో, గోడలెక్కడున్నాయో మనకి తెలీదు. తప్పించుకోడానికి ఎటు దారో తెలీని చోట ఇరుక్కున్నట్టే ఉంటుంది. నియంత రాజ్యం ఎలా ఉంటుందో చెప్పడానికి దీనికి మించిన సెట్టింగ్ ఉంటుందనుకోను.

*

మన రంగస్థలం మీద దుష్టుడైన రాజు అంటే ముందు గుర్తొచ్చేది గొంతు. కాలేజీ ఆన్యువల్ డే ఏదైనా తీసుకోండి, ఎవడో ఒకడు గద పట్టుకుని మయసభ ఏకపాత్రాభినయం చేస్తాడు. దుర్యోధనుడు తనలో తాను అనుకునే మాటలు కూడా చివరి వరసలో ఉన్నవాడికి వినపడాలి. పద్యం బాగా ఎత్తుకుంటే వన్స్‌మోర్ పడుతుంది, చావబోయే పాత్ర కూడా లేచి మళ్ళీ పాడాల్సిందే. అదొక గొప్ప సంప్రదాయం, దాన్ని తక్కువ చెయ్యడం నా ఉద్దేశం కాదు. కానీ ఆ సంప్రదాయంలో దౌష్ట్యం ఎప్పుడూ బాహాటంగానే ఉంటుంది. రాజు చెడ్డవాడని ఊరందరికీ ఒకేసారి తెలుస్తుంది.

మెకెల్లెన్ మాక్‌బెత్ గుసగుసగా మాట్లాడతాడు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూడండి, తేడా తెలుస్తుంది. నూనె రాసి వెనక్కి దువ్విన జుట్టు, నల్లటి బట్టలు, యుద్ధంనుంచి వచ్చిన సైనికుడి ఒళ్ళు. మంత్రగత్తెలు నువ్వు రాజువవుతావు అనగానే ఆ మొహంలో మొదట కనపడేది సంతోషం కాదు, ఉలికిపాటు. ఎవరికీ చెప్పని విషయం ఎవరో పైకి అనేస్తే ఎలా ఉంటుందో అలా. డంకన్‌ని చంపడం ఎందుకు తప్పో అతనే మనకి ఒక్కొక్కటీ లెక్కపెట్టి చెబుతాడు: బంధువు, ప్రభువు, ఇంటికొచ్చిన అతిథి, పైగా మంచివాడు. చంపడానికి తన దగ్గరున్న కారణం ఒక్క ఆశే అని కూడా ఒప్పుకుంటాడు. అంత దగ్గరగా, అంత చిన్న గొంతుతో చెబుతుంటే వింటున్న మనం కూడా రహస్యంలో భాగస్వాములమైపోతాం. హాల్లో పది వరసల అవతల కూర్చుని తీర్పు చెప్పడం సులభం. చెవిలో చెబుతున్నవాడి మీద తీర్పు చెప్పడం అంత సులభం కాదు.

*

షేక్‌స్పియర్ ఈ కథని రాఫెల్ హాలిన్‌షెడ్ 'క్రానికల్స్' నుంచి తీసుకున్నాడు. అక్కడున్న మాక్‌బెత్ కథ వేరు. అసలు చరిత్రలో మాక్‌బెత్ స్కాట్లండ్‌ని 1040 నుంచి 1057 దాకా, పదిహేడేళ్ళు ఏలాడు. అందులో మొదటి పదేళ్ళూ మంచి చట్టాలు చేసి న్యాయంగా పాలించాడనీ, తర్వాతే క్రూరుడయ్యాడనీ హాలిన్‌షెడ్ రాశాడు. అధికారం నెమ్మదిగా మనిషిని తినేసిన కథ కావాలంటే అదిగో, అక్కడ తయారుగా ఉంది. షేక్‌స్పియర్ ఆ పదేళ్ళని పూర్తిగా ఎత్తేశాడు. డంకన్ హత్యలో బాంకోకి ఉన్న పాత్రనీ ఎత్తేశాడు. అప్పుడు గద్దె మీదున్న జేమ్స్ రాజు తనది బాంకో వంశమని నమ్మేవాడు కాబట్టి అది తప్పలేదు. నిద్రపోతున్న రాజుని భార్య ప్రోద్బలంతో ఇంట్లోనే చంపించిన డాన్‌వాల్డ్ అనే ఇంకొకడి కథ తెచ్చి దీనికి అతికించాడు.

బాంకోని వదిలెయ్యడం రాజకీయం అనుకుందాం. మరి పదేళ్ళ మంచి పాలన ఎందుకు తీసేశాడు? నాకు తోచిన సమాధానం ఇది: అది ఉంటే మనం 'పాపం, మంచివాడే, పదవి చెడగొట్టింది' అనుకునేవాళ్ళం. నేరం పదవి మీదకి పోయేది. షేక్‌స్పియర్ ఆ సౌకర్యం మనకివ్వలేదు. నాటకంలో మాక్‌బెత్ రాజుగా ఒక్క పని చెయ్యడం మనం చూడం. ఒక తీర్పు లేదు, ఒక శాసనం లేదు. విందు ఒకటి పెడతాడు, అదీ సగంలో చెడిపోతుంది. మిగతా టైమంతా ఎవర్ని చంపించాలా అన్నదే. రాజ్యం కోసం అంత చేసినవాడికి రాజ్యంతో ఏం చెయ్యాలో తెలీదు. దక్కినదాన్ని కాపాడుకోవడం తప్ప అతనికి వేరే కార్యక్రమమే లేదు.

మెకెల్లెన్ పట్టుకున్నది ఇదే. కిరీటం వచ్చాక అతను పెరగడు, బిగుసుకుపోతాడు. విందు సీనులో బాంకో దెయ్యాన్ని నన్ మనకి చూపించడు. మాక్‌బెత్ చూపు ఖాళీ చోటు మీద నిలబడిపోతుంది. అతను వణికిపోతుంటే విందుకొచ్చినవాళ్ళతోపాటు మనమూ ఆ ఖాళీనే చూస్తాం. దెయ్యం వేషం వేసుకున్న నటుడు వచ్చి కూర్చుంటే భయం అతని మీదకి మళ్ళేది. ఇక్కడ భయపడాల్సింది రాజుగారి మొహాన్ని చూసి. ఆ మొహంలో ఏదో తేడా వచ్చిందని అందరికీ తెలుసు, ఎవరూ పైకి అనలేరు. భార్య మాత్రం నవ్వుతూ 'ఏం లేదు, ఈయనకిది చిన్నప్పట్నుంచీ ఉన్నదే' అన్నట్టు సర్దిచెబుతుంటుంది.

జూడీ డెంచ్ గురించి ఎంత చెప్పినా తక్కువే. లేడీ మాక్‌బెత్‌ని రాక్షసిగా ఆడటం తేలిక, చాలామంది ఆడారు కూడా. డెంచ్ దుష్టశక్తుల్ని తనలోకి రమ్మని పిలుస్తూ, మధ్యలో నిజంగానే ఏదో వచ్చినట్టు జడుసుకుంటుంది. వెనక్కి తగ్గి, మళ్ళీ కూడదీసుకుని పిలుస్తుంది. అంటే తనకి లేని క్రూరత్వాన్ని అరువు తెచ్చుకుంటోందన్నమాట. అరువు ఎన్నాళ్ళు నిలుస్తుంది? మొగుడు రాజయ్యాక తన సాయం అడగడం మానేస్తాడు. బాంకోని చంపించే సంగతి ఆమెకి చెప్పడు. హత్య చేసిన రాత్రి ఒకరి చేతులొకరు పట్టుకుని వణికిన ఆలుమగలు తర్వాత ఒకే గదిలో ఉంటూ కూడా ఎవరికి వారైపోతారు. నాటకం అంతటిలోనూ ఇది నన్నెక్కువ బాధపెట్టింది. నిద్రలో నడిచే సీనులో డెంచ్ నోట్లోంచి ఒక దీర్ఘమైన ఏడుపు వస్తుంది. ఊపిరి అయిపోయేదాకా, సన్నగా, ఆగకుండా. అది పశ్చాత్తాపమో ఒంటరితనమో నేను తేల్చుకోలేకపోయాను.

*

మరి మాక్‌బెత్ అధికారం 'సంపూర్ణం' అయ్యేది ఎప్పుడు? పట్టాభిషేకం అప్పుడు కాదు. అప్పుడతను భయంతో చస్తున్నాడు. రెండోసారి మంత్రగత్తెల దగ్గరికి వెళ్ళొచ్చాక అవుతుంది.

ఇక్కడ తెలుగువాళ్ళకి ఒక సౌలభ్యం ఉంది. ఈ సీను మనకి బాగా తెలిసిన కథే. పగలు గానీ రాత్రి గానీ, మనిషి వల్ల గానీ మృగం వల్ల గానీ, ఇంట్లో గానీ బయట గానీ చావు లేకుండా వరం పుచ్చుకున్న హిరణ్యకశిపుడి కథ. 1932లో వచ్చిన మన మొదటి టాకీ 'భక్త ప్రహ్లాద' ఈ కథే, అదీ రంగస్థలం మీద ఆడిన నాటకాన్నే తెరకెక్కించింది. అంటే తెలుగు టాకీ మొదలైందే ఒక నిరంకుశుడి నాటకంతో. మాక్‌బెత్‌కి దొరికిన వరం కూడా అచ్చం అలాంటిదే: స్త్రీ కన్నవాడెవడూ నిన్నేం చెయ్యలేడు, అడవి లేచి కొండెక్కేదాకా నీకు ఓటమి లేదు. రెండు వరాల్లోనూ సందు ఉంది. ఇద్దరూ ఆ సందులోంచే పోతారు.

సందు ఎక్కడుందన్న తెలివి కంటే, వరం మనిషిని ఏం చేస్తుందన్నది నాకు ముఖ్యం. మన పెద్దవాళ్ళు దానికి 'వరగర్వం' అని మంచి పేరే పెట్టారు. మాక్‌బెత్ డంకన్‌ని చంపేముందు గంటలకొద్దీ కొట్టుకులాడాడు. బాంకో విషయంలో హంతకులకి బోలెడు కారణాలు చెప్పి ఒప్పించాడు. వరం దొరికాక మాక్‌డఫ్ కోటమీద మనుషుల్ని పంపి భార్యాపిల్లల్ని చంపించడానికి అతనికి కారణం అక్కర్లేకపోయింది. మాక్‌డఫ్ ఇంగ్లండ్ పారిపోయాడు, ఆ పిల్లల వల్ల అతనికి వచ్చే ప్రమాదమేమీ లేదు. ఇకమీదట మనసులో పుట్టినదాన్ని పుట్టినట్టే చేతిలో పెట్టేస్తానని తనే అంటాడు. ఆలోచనకీ పనికీ మధ్య ఉండే ఎడం పోయింది. సంపూర్ణ అధికారం అంటే నాకర్థమైంది ఇదే. మనల్ని ఆపే చట్టం, సభ, స్నేహితుడు, భార్య, చివరికి సొంత భయం, ఒక్కొక్కటీ తప్పుకుంటే మిగిలేది.

నన్ ప్రదర్శనలో మంత్రగత్తెలు ఇచ్చే ఈ జోస్యాల్ని చిన్న చిన్న బొమ్మలుగా చూపించారు. రాజు చేతిలో బొమ్మలు. తాయెత్తు కట్టించుకున్నవాడిలా ఉంటాడు మెకెల్లెన్ ఆ తర్వాత. ధైర్యం కూడా కాదు అది, మొద్దుబారడం. భార్య పోయిందన్న కబురు వచ్చినప్పుడు ఏడవడానికి కూడా అతనిలో ఏమీ మిగల్లేదు.

*

ఇప్పుడు చుట్టూ ఉన్నవాళ్ళ సంగతి.

ఈ నాటకంలో రాస్ అనే పాత్ర ఒకటుంది. పరీక్షల్లో ఎవరూ అడగరు. ఒక చోట కబురు ఇంకో చోటికి మోసే ప్రభువు. మాక్‌బెత్‌కి మొదటి పదవి వచ్చిందని చెప్పేది అతనే. మాక్‌డఫ్ ఇంటికెళ్ళి, ఒంటరిగా ఉన్న అతని భార్యతో రోజులు బాలేవని చెప్పి, ఇంకాసేపుంటే ఏడుపొస్తుందని వెళ్ళిపోయేదీ అతనే. అతను వెళ్ళాక హంతకులొస్తారు. తర్వాత ఇంగ్లండ్ వెళ్ళి మాక్‌డఫ్‌ని కలిసి, నీ భార్య ఎలా ఉందంటే బానే ఉంది, పిల్లలూ బానే ఉన్నారు అంటాడు. అసలు మాట బయటికి రావడానికి చాలా సేపు పడుతుంది.

పొలాన్‌స్కీ 1971లో తీసిన సినిమాలో రాస్‌ని పూర్తి దుర్మార్గుణ్ణి చేసేశాడు, హత్యల్లో చెయ్యి కలిపే అవకాశవాది. ఆసక్తికరమే గానీ అది తేలిక దారి. నన్ ప్రదర్శనలో రాస్‌గా చేసినవాడు ఇయన్ మెక్‌డర్మిడ్, తర్వాత 'స్టార్ వార్స్'లో చక్రవర్తి పాల్పటీన్‌గా ప్రపంచానికంతా తెలిసిన నటుడు. ఇక్కడతను నియంత కాదు, నియంత కింద బతికేవాడు. మంచివాడే. పిరికివాడని కూడా అనలేం. ఎవరితో ఎంతవరకు మాట్లాడాలో ప్రతి క్షణం లెక్కేసుకునేవాడు.

ఇంకో విశేషం, ద్వారపాలకుడి హాస్య పాత్ర కూడా మెక్‌డర్మిడే వేశాడు. హత్య జరిగిన తెల్లవారుజామున తలుపు దబదబా బాదుతుంటే తాగిన మత్తులో తనని తాను నరకం వాకిలి కాపలావాడిగా ఊహించుకునే మనిషి. లోపలికి రప్పించేవాళ్ళలో ఒకడు రెండు నాలుకలవాడు, ఏ పక్షం తరఫునైనా ఒట్టు పెట్టగలిగినవాడు. 1605 నాటి గన్‌పౌడర్ కుట్ర కేసులో విచారణకొచ్చిన జెసూట్ ఫాదర్ గార్నెట్ మీద విసురు అది అంటారు. రెండు నాలుకలవాడి మీద జోకేసిన నటుడే కాసేపటికి రాస్‌గా వచ్చి, బతకడం కోసం రెండర్థాల మాటలు మాట్లాడటం చూస్తే ఆ జోకు మళ్ళీ గొంతులో అడ్డం పడుతుంది. ఖర్చు తగ్గించుకోడానికి ఒక నటుడికి రెండు వేషాలిచ్చారేమో. ఫలితం మాత్రం అంతకంటే పెద్దది.

లేడీ మాక్‌బెత్ పరిచారిక ఉంది చూడండి, ఆమెదీ ఇదే పరిస్థితి. రాణి నిద్రలో ఏమందో చెప్పమని వైద్యుడడిగితే చెప్పనంటుంది. తన మాటకి సాక్ష్యం లేదు కాబట్టి అతనికైనా ఇంకెవరికైనా చెప్పదట. ఆ వైద్యుడేమో ఈ కోటనుంచి ఒకసారి బయటపడితే ఎంత డబ్బిచ్చినా తిరిగి రానని తనలో తాననుకుంటాడు. ప్రతి ప్రభువు ఇంట్లోనూ తను జీతమిచ్చే నౌకరు ఒకడున్నాడని మాక్‌బెత్ అంతకుముందే చెప్పాడు. ఆ ఒక్క మాట పెట్టుకుని చూస్తే మిగతా నాటకంలో అందరూ ఎందుకు గొంతు తగ్గించి మాట్లాడుతున్నారో అర్థమవుతుంది. మొదట్లో హంతకుడొక్కడే గుసగుసలాడాడు. చివరికొచ్చేసరికి దేశమంతా ఆడుతోంది.

*

ఇంగ్లండ్ సీను నాటకంలో బోర్ అని చాలా ప్రదర్శనల్లో కత్తిరించేస్తారు. ఇందులో దానికి తగినంత చోటు దొరికింది. మాల్కమ్ (రోజర్ రీస్), మాక్‌డఫ్ (బాబ్ పెక్, 'జురాసిక్ పార్క్'లో వేటగాడు మల్డూన్‌గా మీకు గుర్తుండొచ్చు) మాట్లాడుకుంటారు. మాక్‌డఫ్‌ని నమ్మొచ్చో లేదో తెలీక మాల్కమ్ ఒక పరీక్ష పెడతాడు. నేను మాక్‌బెత్ కంటే చెడ్డవాణ్ణి అంటాడు. నాకు ఆడవాళ్ళ పిచ్చి, దేశంలో ఎవర్నీ వదలను అంటాడు. మాక్‌డఫ్ కాసేపు ఇబ్బంది పడి, పర్లేదు, రాజుకోసం ఇష్టపడి వచ్చేవాళ్ళు బోలెడుమంది, గుట్టుగా సర్దుకోవచ్చు అంటాడు. నాకు డబ్బాశ కూడా, ప్రభువుల ఆస్తులన్నీ లాక్కుంటాను అంటే, అది ఇంకా చెడ్డదే గానీ స్కాట్లండ్‌లో మీకు సరిపడా సంపద ఉందిలెండి, మిగతా సుగుణాలుంటే ఓర్చుకోవచ్చు అంటాడు. నాలో ఒక్క సుగుణం కూడా లేదు, చేతికందితే దేశంలో శాంతి అన్నది లేకుండా చేస్తాను అన్నప్పుడు గానీ మాక్‌డఫ్ భళ్ళుమనడు.

మాక్‌డఫ్ ఈ నాటకంలో హీరో. నిజాయితీ గలవాడు. అంతటివాడు కూడా రాబోయే రాజు కామాన్నీ దోపిడీనీ ముందే బేరమాడి ఒప్పేసుకున్నాడు. 'తింటే తిన్నాడు, పని చేస్తాడు కదా' అన్న మాట మనం ఎన్నికలప్పుడల్లా టీ కొట్టు దగ్గరా ఫ్యామిలీ వాట్సాప్ గ్రూపుల్లోనూ వినేదే. అనేవాళ్ళు చెడ్డవాళ్ళేం కాదు. అంతకంటే పెద్ద చెడు ఒకటి ఎదురుగా ఉన్నప్పుడు చిన్న చెడు అందరికీ ముద్దొస్తుంది. నిరంకుశుడు ఒక్కరోజులో పుట్టడు, అతని కొలతలు మనం ముందే ఇచ్చి పెడతాం. మాల్కమ్ చెప్పింది అబద్ధమని తేలినప్పుడు నాకు ఊరట కలగలేదు. మాక్‌డఫ్ 'సరే' అన్న రెండు సార్లూ నిజమే కదా అనిపించింది.

*

ఇంత మెచ్చుకున్నాక ఒక ఫిర్యాదు కూడా చెప్పాలి. నన్ డంకన్‌ని తెల్లటి బట్టల్లో, ముసలివాడిగా, ప్రార్థన చేస్తున్న పుణ్యాత్ముడిగా చూపించాడు. నాటకం మొదట్లోనే ఒక పక్క అతని ప్రార్థన, ఇంకోపక్క మంత్రగత్తెల ఊళలు. తెలుపూ నలుపూ. చూడ్డానికి గొప్పగా ఉంటుంది గానీ ఇక్కడ నన్ షేక్‌స్పియర్ కంటే సులభంగా తప్పించుకున్నాడనిపిస్తుంది. మాటలు శ్రద్ధగా వింటే డంకన్ రాజ్యం కూడా నెత్తుటి మీద నడిచేదే. మాక్‌బెత్‌కి మొదట వచ్చిన మెప్పు ఒక మనిషిని బొడ్డు దగ్గర్నుంచి దవడల దాకా చీల్చినందుకు. ఆ వార్త విని పుణ్యాత్ముడైన రాజు పొంగిపోతాడు. చంపడం మాక్‌బెత్ ఉద్యోగం, ఒకరాత్రి చంపకూడని మనిషిని చంపాడు. డంకన్‌కి తెల్లబట్టలు వేస్తే ఆ ఉద్యోగమిచ్చినవాడి చేతులు మనకి కనపడకుండా పోతాయి.

ఈ విషయంలో రూపర్ట్ గూల్డ్ వెర్షన్ నయం. 2007లో చిచెస్టర్‌లో పాట్రిక్ స్టువర్ట్, కేట్ ఫ్లీట్‌వుడ్‌లతో వేసి, 2010లో టీవీకి తీసిన ప్రదర్శన. స్టాలిన్ కాలపు రష్యాని తలపించే బంకర్లు, పెద్ద పెద్ద రాజుగారి ఫోటోలు, నర్సుల వేషంలో మంత్రగత్తెలు. మొదటి సీనే యుద్ధపు ఆస్పత్రిలో, నెత్తురోడుతూ. దేశం ముందునుంచే అలా ఉందని తెలుస్తుంది. బాంకోని చంపడానికి మనుషుల్ని పురమాయిస్తూ స్టువర్ట్ తీరిగ్గా సాండ్‌విచ్ చేసుకునే సీను ఒకటుంది, చూసి తీరాలి. హత్య అతనికి ఆఫీసు పనైపోయిందని ఆ రొట్టె ముక్కలే చెప్పేస్తాయి. కానీ ఆ యూనిఫాంలూ ఫోటోలూ చూడగానే మనం 'ఓహో, స్టాలిన్' అనుకుని స్థిమితపడతాం. నియంత ఎక్కడో రష్యాలో, ఎప్పుడో పోయిన శతాబ్దంలో ఉంటాడు. నన్ నల్లటి గదికి అలాంటి ఊరూ పేరూ లేవు, కాబట్టి స్థిమితపడే వీలూ లేదు.

చివర్లో మాక్‌బెత్ పోతాడు, మాల్కమ్ రాజవుతాడు. నాటకంలో ఉన్న ప్రకారం అది విజయం. నన్ దాన్ని విజయంగా చూపించలేదు. గెలిచినవాళ్ళ మొహాలు అలిసిపోయి, ఒకరినొకరు చూసుకోలేకుండా ఉంటాయి. కొత్త రాజు పదవులు పంచుతానని ప్రకటిస్తాడు. వింటున్నవాళ్ళలో రాస్ కూడా ఉంటాడు. ఎన్ని రాజ్యాలు మారినా ఆ గుంపులో అతనెప్పుడూ ఉంటాడు, పైగా అతని చేతికి నెత్తురంటలేదు కాబట్టి అతన్ని ఎవరూ ఏమీ అడగరు. పరిచారిక ఏమైందో మాత్రం షేక్‌స్పియర్ చెప్పలేదు. రాణి నిద్రలో అన్న మాటలు ఆమెకింకా గుర్తుండే ఉంటాయి. ఇప్పుడైనా ఎవరితోనన్నా చెప్పిందో లేదో.